‘తీయొద్దు’ అని ఒక్క మాటే రాసిన ఫైలు

“తీసేసేముందు ఒక్క మాట అడగాలా వద్దా, నువ్వే చెప్పక్కా. నేనేమన్నా ఊరొదిలి పోయానా? అదే ఆఫీసు, అవే మెట్లు. వాళ్ళు మూడో అంతస్తులో, నేను కింద. దిగొచ్చి అడిగితే కాళ్ళు అరిగిపోతాయా?”

టైలరక్క పళ్ళ మధ్య దారం ఉంది. ఒళ్ళో నీలం చొక్కా, దాని మెడ కింద రెండో గుండీ ఊడి వేలాడుతోంది. రేపు శుక్రవారం పొద్దున ఆ చొక్కా వేసుకుని, ఈ మాటలంటున్న పై వాటా ఆవిడ మరిది ఉద్యోగం పరీక్షకు వెళ్ళాలి. గుండీ ఊడిందని చూసుకోవడానికి అతనికి చూపు లేదు. చూడాల్సిన వదినకు నాలుగు రోజులుగా కోపం తప్ప మరేదీ కనపడటం లేదు. సాయంత్రం మేడ మీద ఆరేసిన బట్టల్లో చొక్కాను చూసి, సూదీ దారం పట్టుకుని టైలరక్క తనే పైకి వచ్చి వంటింట్లో పీట వేసుకుంది. గుండీ ఒక నెపం. నాలుగు రోజులుగా పైనించి వినిపిస్తున్న కేకలకు మొదలేమిటో తెలుసుకోకపోతే ఆమెకు కింద మిషను సాగడం లేదు.

పై వాటా ఆవిడను ఆఫీసులో కుక్కరమ్మ అంటారు, ఎదురుగా కాదు. అరిచేముందు ఆమె ముక్కుతో మూడుసార్లు గట్టిగా ఊపిరి వదులుతుంది. రెండో విజిలుకే తెలివైనవాళ్ళు టీ తాగడానికి లేచిపోతారు. ఆ పేరు సంగతి ఆమెకు తెలుసు. నాలుగో విజిలు విన్నవాడు ఇంకా పుట్టలేదని తనే చెప్పి నవ్వుతుంది. ఈ వారం మాత్రం నవ్వలేదు.

ఏ ఫైలు, ఎవరు తీశారు, మొదట్నించీ చెప్పమని టైలరక్క అడిగింది. ఆమె చదువు ఐదో తరగతితో ఆగిపోయింది కానీ తెలియనిదానికి తెలిసినట్టు తలాడించే రకం కాదు. ఒక్కో మాట ఆపి అడిగి, అర్థమయ్యాకే ముందుకు పోనిస్తుంది.

కుక్కరమ్మ పనిచేసే ఆఫీసు ఒక సాఫ్ట్‌వేర్ తయారుచేస్తుంది. ప్రోగ్రాములు రాసేవాళ్ళు తమ ప్రోగ్రాములు అందులోనే రాసుకుంటారు. దానికి ఎవరికి కావాల్సిన హంగులు వాళ్ళు తగిలించుకోవచ్చు. వాటిని ఎక్స్‌టెన్షన్లంటారు. తప్పులు పట్టేదొకటి, వరసలు సర్దేదొకటి, రాసినదాన్ని పైకి చదివి వినిపించేదొకటి. ఏవి తగిలించారో, ఏవి విప్పారో చూసుకునే మేనేజరు సాఫ్ట్‌వేర్ లోపలే ఉంటుంది. మనిషి కాదు, అదీ ఒక ప్రోగ్రామే. ఆ మేనేజరుకూ, ఎక్స్‌టెన్షన్లకూ కలిపి ఉమ్మడిగా ఒక లైబ్రరీ ఫైలు ఉంటుంది. ఉండేది.

“నీ మిషనుకి జిప్పు కుట్టేటప్పుడు ఒక పాదం, కాజాకి ఇంకో పాదం మారుస్తావు కదా. అవన్నీ బిగించే స్క్రూ ఒకటేనా?”

“ఒకటే.”

“ఆ స్క్రూయే నా ఫైలు.”

“స్క్రూ పారేశారన్నమాట.”

“పారేసి, ఈ మిషనుకి పాదాలే లేవు పొమ్మంటున్నారు.”

టైలరక్క చేతిలో సూది ఆగింది. అప్పుడు ఆమెకూ కోపం వచ్చింది.

కుక్కరమ్మ ఆ ఆఫీసులో చేరింది టైపిస్టుగా. ఇంజనీర్లు కాయితం మీద రాసిచ్చిన ప్రోగ్రాములు కొట్టిపెట్టడమే పని. కొడుతూ కొడుతూ ఒకనాడు ఒకాయన రాసినదాంట్లో తప్పు పట్టి, సరిచేసి కొట్టింది. నా కాయితం మీద టైపిస్టు చెయ్యి చేసుకుంటుందా అని ఆయన ఫిర్యాదు పెట్టాడు. పై అధికారి రెండు కాయితాలూ పక్కపక్కన పెట్టి చూసి, మర్నాటి నించి ఆమెకు ఇంజనీర్ల గదిలో కుర్చీ వేయించాడు. ఆ గదిలో మొత్తం ఏడుగురు. అప్పట్లో ప్రతి ఎక్స్‌టెన్షనూ ఒకే సరుకును ఎవరికి వారుగా మోసుకొచ్చేది. ఒకటి పాతది తెచ్చేది, ఇంకోటి కొత్తది. రెండూ ఒకే పేరుతో ఒకదాని మీద ఒకటి పడి, సాఫ్ట్‌వేర్ మొత్తం పడకేసేది. ఒక్క వంటింట్లోకి ఆరుగురు ఆరు రోళ్ళు మోసుకొచ్చినట్టుంది ఈ తంతు అని ఆమె విసుక్కుని, రెండు నెలలు కూర్చుని, అందరికీ కావాల్సిన పనులన్నిటినీ ఒక్క ఫైల్లోకి చేర్చింది. ఎక్స్‌టెన్షన్‌ను ఎక్కించడం, దించడం, జాబితా చదవడం, జాబితా చెరపడం. ప్రతి పనికీ వరసలో ఒక నంబరు. మేనేజరు ఆ నంబరుతోనే పిలుస్తుంది. అందుకని ఆమె పెట్టిన నియమం ఒక్కటే: కొత్త పని ఏదొచ్చినా వరసలో చివర నిలబడాలి. మధ్యలో దూరితే నంబర్లు మారిపోతాయి, ఒకటి పిలిస్తే ఇంకోటి పలుకుతుంది. పదిహేడేళ్ళు ఆమె ఎవర్నీ మధ్యలో దూరనివ్వలేదు.

ఇక మరిది సంగతి. ఇరవయ్యో ఏట జబ్బు చేసి అతని చూపు పోయింది. మంచం మీద గోడవైపు తిరిగి పడుకునేవాడు. అన్న ఓదార్చబోతే లేచి వెళ్ళిపోయేవాడు. వదినకు ఓదార్చడం చేతకాదు. ఆఫీసు నించి ఎవరిదో ఒక ప్రోగ్రాము కాయితాలు తెచ్చుకుని, మంచం పక్కన కూర్చుని, తప్పులు వెతుక్కుంటూ పైకి చదివేది. వారం గడిచాక గోడవైపు నించే ఒక మాట వచ్చింది. “పన్నెండో వరస మళ్ళీ చదువు వదినా. అందులో తప్పుంది.” ఉంది కూడా. ఆ తర్వాత రెండేళ్ళు రోజూ సాయంత్రం ఆమె చదివింది, అతను నేర్చుకున్నాడు. వదిన గొంతు బొంగురుపోతోందని చివరకు తనే ఒక ఎక్స్‌టెన్షన్ రాశాడు. అది ప్రోగ్రామును వరస వరసా చదువుతుంది. బ్రాకెట్ లోపలి బ్రాకెట్‌లోకి పోయేకొద్దీ గొంతు తగ్గిస్తుంది, బయటికి వచ్చేకొద్దీ పెంచుతుంది. వింటుంటే ఎవరో మెట్లు దిగుతూ ఎక్కుతూ మాట్లాడుతున్నట్టుంటుంది. కంప్యూటరులో మామూలుగా ఉండే చదివే గొంతుకు ఈ విద్య రాదు. కిటికీల పేర్లు చెప్పి ఊరుకుంటుంది. అందుకే చూపులేని వాళ్ళు ఎక్కడెక్కడివాళ్ళో, వందలమంది, అతని ఎక్స్‌టెన్షన్ తెచ్చుకుని దాంతోనే పనిచేసుకుంటున్నారు. అది బిగించి ఉన్నది ఆ ఉమ్మడి ఫైలుకే. కొత్త ఎక్స్‌టెన్షన్లకు ఆఫీసు వేరే దారి వేసింది. పాతవి కొన్ని మాత్రం ఇంకా ఆ ఫైలునే నమ్ముకుని ఉన్నాయి.

రెండేళ్ళ కిందట ఆమెను కింది అంతస్తుకు మార్చారు, వాడేవాళ్ళకు సహాయం పేజీలు రాసే పనికి. పైకి కొత్త అధికారి వచ్చాడు. ఆయన బల్ల మీద ఒక్క కలం తప్ప మరేమీ ఉండదు. శుభ్రం సారు అని పేరు పెట్టింది కుక్కరమ్మే. అప్పుడది మెచ్చుకోలే.

ఈ సోమవారం పొద్దున కొత్త వెర్షను వచ్చి దానంతటదే అన్ని కంప్యూటర్లలోకీ దిగింది. మరిది ఎక్స్‌టెన్షన్ మూగబోయింది. తప్పు జరిగిందని ఒక్క ముక్క లేదు. జాబితా తెరిస్తే, మీరింకా ఏమీ తగిలించుకోలేదు అని మామూలు గొంతు మర్యాదగా చెప్పింది. తనే ఏదో పాడుచేసుకున్నాననుకుని అతను పగలంతా తగిలించడం, విప్పడం, మళ్ళీ తగిలించడం. శుక్రవారం పరీక్ష. ఆస్పత్రులకు ప్రోగ్రాములు రాసే ఆఫీసులో పర్మనెంటు ఉద్యోగం. మూడు గంటల్లో వాళ్ళ కంప్యూటరు మీద, వాళ్ళు పెట్టిన కొత్త వెర్షనులో ప్రోగ్రాం రాసి చూపించాలి. పదేళ్ళుగా కాంట్రాక్టు పనుల మీద ఈ ఆఫీసు నించి ఆ ఆఫీసుకు తిరుగుతున్న మనిషికి పరీక్ష దాకా పిలుపు రావడం ఇదే మొదటిసారి. సాయంత్రం వదిన ఇంటికి వచ్చేసరికి చేతులు రెండూ ఒళ్ళో పెట్టుకుని కీబోర్డు ముందు కూర్చుని ఉన్నాడు.

“అలిగింది వదినా. నీ పోలికే,” అన్నాడు.

ఆమె చెప్పులు కూడా విప్పకుండా ఫోల్డరు తెరిచి చూసింది. అక్కడ ఫైలు లేదు.

మంగళవారం మూడో అంతస్తు ఎక్కింది. శుభ్రం సారు మర్యాద తెలిసినవాడు. కుర్చీ వేయించాడు. ఆమె కూర్చోలేదు. ఆయన తెర మీద ఒక జాబితా చూపించాడు. ఆ ఆఫీసులో ప్రతి వెర్షనుకూ ముందు ఊడ్చే పని ఒకటి ఉంటుంది. ఎవరూ పిలవకుండా పడి ఉన్న ఫైళ్ళేవో ఒక ప్రోగ్రాం వెతికి చెబుతుంది, వాటిని తీసేస్తారు. ఏడాదిగా ఎవరూ పిలవని ఫైళ్ళలో ఆమె ఫైలు ఉంది. ఈ ఊడ్చే ప్రోగ్రాం మీరు రాసిందేనటగా అని ఆయన అడిగాడు.

ఆమె రాసిందే. ముందుగానే ఒకదానికొకటి ముడివేసి ఉన్న ఫైళ్ళనే అది చూడగలదు. ఉమ్మడి ఫైలుకు ఆ ముడి ఉండదు. పాత ఎక్స్‌టెన్షన్ వచ్చి తలుపు తట్టినప్పుడే మేనేజరు దాన్ని అప్పటికప్పుడు పిలుచుకుంటుంది. ఊడ్చే ప్రోగ్రాముకు ఆ పిలుపు వినపడదు. ఆ సంగతి తెలుసు కనకే, ముట్టుకోకూడని ఫైళ్ళ చిట్టా ఒకటి పెట్టి, అందులో తన ఫైలు పేరు రాసి, పక్కన ఒక్క మాట చేర్చింది: తీయొద్దు.

“ఎందుకు తీయొద్దో రాసి లేదు మేడమ్. ఎవరు రాశారో లేదు. కారణం లేని వరసలు మొత్తం ముప్పైఒకటి. అన్నీ కొట్టేశాం.”

“అడగొచ్చుగా?”

“ఎవర్ని?”

మొదటి విజిలు అక్కడ వచ్చింది. ఆ చిట్టా రాసిన రోజుల్లో ఏడుగురూ ఒకే గదిలో ఉండేవాళ్ళు. ఎవరికి అనుమానం వచ్చినా మెడ తిప్పి అడిగితే సరిపోయేది. కారణం పక్క కుర్చీలోనే కూర్చుని ఉండేది, దాన్ని మళ్ళీ రాసేదెందుకు? ఇప్పుడు ఆ ఏడుగురిలో మిగిలింది ఆమె ఒక్కతే, అదీ కింది అంతస్తులో. సరే, ఫైలు వెనక్కి పెట్టమంది. తప్పకుండా పెడతాం, తర్వాతి వెర్షను ఆరు వారాల్లో వస్తుంది అన్నాడాయన. రెండో విజిలు. గదిలో ఇద్దరు టీకి లేచారు. శుక్రవారం లోపు కావాలంటే కుదరదా అని అడిగింది. మధ్యలో వెర్షను వదలాలంటే పెద్దవాళ్ళకు ఫిర్యాదుల లెక్క చూపించాలట. ఆయన చూసి చెప్పాడు. నాలుగు.

మూడోది వచ్చింది.

“నలుగురే అరిచారా? అరవగలిగినవాళ్ళు నలుగురే ఉన్నారు కనక. మీ ఫిర్యాదు పేజీలో ఏముందో ఎప్పుడైనా చూశారా? బొమ్మలో అంకెలు చూసి కొట్టమని ఉంది. కనపడితే వాళ్ళకి మా ఫైలెందుకండీ? నోట్లో గుడ్డ కుక్కి, ఎవరూ ఏమీ అనట్లేదు, అంతా బాగానే ఉంది అంటున్నారు మీరు.”

ఆ మాట టైలరక్కకు చెబుతున్నప్పుడు కూడా ఆమె మెడ మీద నరం లేచింది. స్టవ్ మీద పాలు పొంగి ఒలికాయి. ఎవరూ లేవలేదు. టైలరక్క చెయ్యి చాచి మంట ఆపింది, అంతే.

తర్వాత జరిగినదాన్ని మాత్రం కుక్కరమ్మ గట్టిగా చెప్పలేకపోయింది. గొంతు తగ్గిపోయింది, మరిది ఎక్స్‌టెన్షన్ లోపలి బ్రాకెట్‌లోకి దిగినట్టు. మంగళవారం సాయంత్రం అదే కోపంతో ఇంటికి వచ్చి, అలమరలో ఉన్న తన పాత కాపీ తీసింది. పేరొకటే కదా అని పాత ఫైలు తెచ్చి కొత్త వెర్షనులో పడేయొద్దని పదిహేడేళ్ళు ఎందరినో తిట్టిన మనిషి. ఒకతన్ని ఏడిపించింది కూడా. ఆ మనిషే పాత ఫైలు తెచ్చి కొత్త వెర్షనులో పడేసింది.

ఎక్స్‌టెన్షన్ అర నిమిషం మాట్లాడింది. మరిది మొహం విప్పారింది. తర్వాత ఠక్కున ఆగిపోయింది.

తను కిందికి దిగిన ఈ రెండేళ్ళలో పైన ఎవరో ఫైల్లోని పనులన్నిటినీ అక్షరక్రమంలో పేర్చారు, చూడ్డానికి బాగుంటుందని. అలా పేర్చి, నంబర్లన్నీ మార్చి, ఆ తర్వాత ఎవరికీ అక్కర్లేదని ఫైలునే తీసేశారు. కొత్త వెర్షనులోని మేనేజరు నాలుగో నంబరు పిలిచింది, దాని లెక్కలో అది జాబితా చదవడం. పాత ఫైల్లో నాలుగో నంబరు జాబితా చెరపడం. పిలిచింది కదా అని అది పలికింది. పదకొండేళ్ళుగా మరిది తన చేతివేళ్ళకు తగ్గట్టు అమర్చుకున్న ఏ మీట నొక్కితే ఏం జరగాలో చెప్పే నలభైరెండు కొండగుర్తులు, గొంతు వేగాలు, అన్నీ తుడిచిపెట్టుకుపోయాయి.

“నిన్న తాళంచెవే పోయింది వదినా. ఇవాళ ఇంట్లో సామాను కూడా పోయింది,” అన్నాడట. నవ్వుతూనే.

“తిట్టినా బాగుండేదక్కా,” అంది కుక్కరమ్మ.

టైలరక్క దారం బిగించి ముడి వేస్తూ, తల ఎత్తకుండా అడిగింది. “పెట్టేముందు నువ్వు మాత్రం ఎవర్నన్నా అడిగావా?”

కుక్కరమ్మ ముక్కుతో ఒక ఊపిరి వదిలింది. రెండోది రాలేదు.

“లేదు,” అంది.

బుధవారం మళ్ళీ ఎక్కింది. ఈసారి అరవడానికి కాదని ముందే చెప్పి, ఇప్పటి నంబర్ల ప్రకారం ఫైలును తనే కొత్తగా కట్టి ఇస్తానంది. శుభ్రం సారు లేచి తన కుర్చీ ఇచ్చి పక్కన నిలబడ్డాడు. మధ్యాహ్నానికి ఫైలు తయారైంది. మరిదిని ఆఫీసుకు రప్పించి అక్కడే పెట్టి చూసింది. ఎక్స్‌టెన్షన్ మాట్లాడింది, ఆగకుండా. ఇక పరీక్ష ఆఫీసుకు ఫోను చేసింది. బయటి ఫైలు పెట్టనివ్వరట. సాఫ్ట్‌వేర్ తయారుచేసిన ఆఫీసు సంతకం చేసి, ఇది ఫలానా, ఇందుకు కావాలి అని ఉత్తరమిస్తే చూస్తామన్నారు. ఉత్తరం మీద సంతకం పెట్టాల్సింది శుభ్రం సారు. ఆయన కాదనలేదు. కారణం రాసివ్వండి, ఉత్తరంలోనూ పెడతాను, చిట్టాలోనూ మీ పేరుతో పెడతాను అన్నాడు. అంత మంచిగా చెప్పడమే ఆమెకు ఎక్కువ మండింది. రాసింది. పదకొండు వరసలొచ్చాయి. అందులో రెండు వరసలు తిట్లు. ఆయన ఆ రెండూ కొట్టేసి, మిగతా తొమ్మిదింటి కింద సంతకం పెట్టాడు. కొట్టివేతల్లో మాత్రం మంచి నేర్పరి అని ఆమె ఇప్పుడు పళ్ళు కొరికింది.

“అయితే పని అయినట్టే కదా, ఇంకా ఎందుకు ఈ మంట?” అని టైలరక్క అడిగింది.

“మా మరిదికి వదినుంది. తక్కినవాళ్ళకెవరున్నారు? వందలమంది ఆరు వారాలు నోరు మూసుకుని కూర్చోవాలి. అందులో ఎంతమందికి ఇలాగే రేపో ఎల్లుండో పరీక్షుందో నాకేం తెలుసు? తామే ఏదో పాడుచేసుకున్నామనుకుని విప్పుతూ బిగిస్తూ ఉంటారు పాపం. సంతకం పెట్టిన చేత్తోనే మిగతావాళ్ళకీ పంపొచ్చుగా? లెక్క చాలదట. నాలుగట.”

పక్క గదిలోంచి సన్నగా గొంతు వినిపిస్తోంది, దిగుతూ, ఎక్కుతూ. మరిది నలభైరెండు కొండగుర్తులనూ జ్ఞాపకం మీద తిరిగి పెట్టుకుంటున్నాడు. నిన్నటి నించి ముప్పైతొమ్మిది అయ్యాయట. మిగతా మూడు గుర్తుకు రావడం లేదు, అవి లేకపోయినా రాయగలనంటున్నాడు. టైలరక్క చొక్కా విదిలించి చూసుకుంది. ఊడని గుండీలకు కూడా ఒక్కో కుట్టు బిగించింది. మడత పెట్టి లేవబోయింది.

“కూర్చోక్కా. ఒక పనుంది నీతో.”

కుక్కరమ్మ బీరువా మీంచి ఒక కవరు తీసింది. పొడుగాటి కవరు, అంటించలేదు. దాంతోపాటు కొత్త ఫైలున్న, గుండీ అంత చిన్న పెన్‌డ్రైవు, పోకుండా ఎర్రదారం కట్టి ఉంది. రెండూ టైలరక్క ఒళ్ళో, మడత పెట్టిన చొక్కా మీద పెట్టింది.

“రేపు వాడితో నువ్వెళ్ళు. వాళ్ళన్నకి పొద్దున డ్యూటీ. నేను వెళ్ళకూడదు. అక్కడ గుమ్మంలో ఎవడో ఒకడు బయటి ఫైళ్ళు కుదరవమ్మా అని మొదలెడతాడు, నా మూడు విజిళ్ళూ అక్కడే అయిపోతాయి, వాడి పరీక్ష కూడా అక్కడే అయిపోతుంది. నువ్వయితే నెమ్మదిగా చెబుతావు. ఎందుకమ్మా ఈ ఫైలు అంటే ఉత్తరం చూపించు. చదివి అర్థం కాకపోతే నీ మిషను స్క్రూ సంగతి చెప్పు. ఫైలు పెట్టాక కూడా వచ్చేయకు. సరే పెద్దమ్మా, నువ్విక వెళ్ళు, నేను చూసుకుంటాను అంటాడు మా మరిది. మొహమాటస్తుడు, ఎవరికీ ఇబ్బంది కాకూడదంటాడు. వాడి మాట వినకు. అది నోరు విప్పి, బ్రాకెట్లోకి దిగి, మళ్ళీ పైకి ఎక్కేదాకా అక్కడే నిలబడు. నీ చెవులతో విన్నాకే బయటికి రా. ఎనిమిదింటికి బయల్దేరాలి, ఆలస్యం చెయ్యకక్కా.”